ఆంటీ ఆగే చోటు

కెనడాలోని సస్కటూన్‌లో మా కాలేజీ నడిపే రేడియోలో ఆదివారం ఉదయం గంటసేపు తెలుగు కార్యక్రమం ఉండేది. దాన్ని నడిపిన ఆంటీ వృద్ధాశ్రమంలో షిఫ్ట్ ముగించుకుని, ఆ యూనిఫాంలోనే స్టూడియోకు వచ్చేవారు. మైకు ముందు కూర్చోగానే "అందరూ బాగున్నారా?" అని అడిగి ఆగిపోయేవారు. కాసేపటికి, ఎవరో బదులిచ్చినట్టే "ఊఁ" అని, అప్పుడు పాట వేయమని నాకు సైగ చేసేవారు.

నాకు ఒళ్లు మండేది. "ఆంటీ, అంతసేపు సైలెన్స్ ఉంటే రేడియో ఆగిపోయిందనుకుని ఛానల్ మార్చేస్తారు."

"అడిగాక చెప్పనివ్వాలి కదయ్యా. మా ఆశ్రమంలో పెద్దాళ్లకి నోట మాట రావడానికి ఆమాత్రం పడుతుంది," అనేవారు కళ్లు నులుముకుంటూ.

రికార్డింగు దాచేముందు ఆ ఖాళీలన్నీ నేను కత్తిరించేసేవాణ్ణి.

మోకాళ్లు మొరాయించి ఆవిడ మానేశాక ఆ పనికి ఇంకెవరూ రాలేదు. పాత రికార్డింగులే వేస్తున్నాం. మొన్న ఆదివారం ఉద్యోగంలో రెండు షిఫ్టులు వరసగా చేసి, కారులో కూలబడి రేడియో పెట్టాను.

"అందరూ బాగున్నారా?"

కత్తిరించడం మరచిన ఖాళీ అది.

"ఏం బాగులే ఆంటీ, అలిసిపోయా," అన్నాను.

"ఊఁ," అన్నారావిడ.