పరుపు నొక్కి చూసినందుకు

మీరా సాహెబ్ పరుపులు కుట్టే మనిషి. దూది ఏకే మెషీన్‌ను ట్రాలీ ఆటో మీద పెట్టుకొని వరంగల్ గల్లీల్లో తిరుగుతాడు. పరుపు ఉండేది పడకగదిలో. మగవాళ్లు పనులకు పోయిన వేళ ఆడవాళ్లు పిలుస్తారు. లోపలికి పోయి పరుపు నొక్కి చూసి, ఎంత కొత్త దూది పడుతుందో చెప్పాలి. ఇన్నేళ్లలో ఏ ఇంట్లోనూ అతన్ని గుమ్మం దగ్గర ఆపలేదు.

హాస్టల్ నడిపే ఓంప్రకాశ్‌కు నిరుడు దూది అప్పు తెచ్చి మరీ వంద పరుపులు కుట్టి ఇచ్చాడు. ఓంప్రకాశ్ ఇచ్చిన చెక్కు బౌన్సయింది. మీరా సాహెబ్ తరఫున లాయరు పద్మ నోటీసు పంపింది. అది అందగానే ఓంప్రకాశ్ ఫోన్ చేశాడు.

"ఇంటికి రా భాయ్, కూసోని మాట్లాడుకుందాం."

పోతే అతను లేడు. భార్య వరలక్ష్మి కూర్చోమంది. "ఆయన వస్తాండు. గంతల మా పరుపు జర చూడరాదు, నడుమ కుంగింది."

మీరా సాహెబ్ చెప్పులు విడిచి లోపలికి పోయాడు. నొక్కి చూశాడు. మళ్లీ ఏకాలన్నాడు. ఎంతసేపు చూసినా ఓంప్రకాశ్ రాకపోయేసరికి వెనక్కి వచ్చాడు.

చెక్కు కేసు కోర్టుకెక్కిన తర్వాత వరలక్ష్మి పేరు మీద పోలీసులకు ఫిర్యాదు అందింది. ఆ రోజు పడకగదిలోకి చొరబడి, డబ్బుల కోసం బెదిరించి, చెయ్యి పట్టుకున్నాడట.

"బెడ్‌రూంలకు పోయినవా, లేదా?" ఎస్సై అడిగాడు.

"పోయిన సార్. పరుపు చూడమన్నది."

"ఒప్పుకుంటాండు. రాస్కో" అన్నాడు ఎస్సై, పక్కనున్న కానిస్టేబుల్‌తో.

నిజంగా ఆపదలో ఉండి వచ్చిన ఆడపిల్లను గంటల కొద్దీ బెంచీ మీద కూర్చోబెట్టే స్టేషనే, ఈ ఫిర్యాదుకు ఆ పూటే కేసు కట్టింది. ఈ ఫిర్యాదు ఎందుకొచ్చిందో చెప్పడానికి పెద్ద పరిశోధన అక్కర్లేదు. బయట నిలబడ్డ ఓంప్రకాశ్ దాపరికం లేకుండానే చెప్పాడు. "నీ కేసు వాపస్ తీస్కో, నా కేసు గూడ పోతది. ఫికర్ ఎందుకు?"

మీరా సాహెబ్ తీసుకోలేదు. తన మీద పెట్టిన కేసు కొట్టేయమని హైకోర్టుకు పోయాడు. ఘటన జరిగిందన్న రోజు తర్వాత ఓంప్రకాశ్ చెక్కు నోటీసుకు పంపిన జవాబులో ఆ ఘటన ఊసే లేదని పద్మ చూపించింది. బాకీ అడిగినందుకు కక్షగట్టి పెట్టిన కేసని జడ్జి కొట్టేశారు.

అతని మీది కేసు పోయింది. తలుపులు మాత్రం తెరుచుకోలేదు. కొత్తవాడలో ప్రతి ఏడూ పిలిచే కళావతి ఈసారి పరుపును ముందే రోడ్డు మీద వేయించింది.

"లోపలికి తెస్త గద చెల్లె, కుట్టినంక."

"వద్దన్నా. ఆడనే పెట్టు. మా ఆయన లేడు."

"కోర్టు కొట్టేసింది."

"నాకెరుకే. గల్లీకి ఎరుక గావాలె గద."

మరునాటి నుంచి భార్య సుల్తానా బేగం అతని పక్కన ఆటో ఎక్కింది. ఇంట్లోకి ముందు తను పోయేది. "మా ఆయనకు నేను బాడీగార్డును" అనేది. ఆడవాళ్లు నవ్వి దారి ఇచ్చేవారు. మెల్లగా నాలుగు ఇళ్లు మళ్లీ పిలిచాయి.

ఓసారి గల్లీ మొదట్లో బైక్ ఆపుకొని, ఓంప్రకాశ్ హాస్టల్లో పనిచేసే ఒకతను వాళ్లిద్దరినీ ఫోన్‌లో ఫొటో తీశాడు. వాళ్లు ఇంకో గల్లీకి పోతే అక్కడికీ వచ్చాడు.

చెక్కు కేసు వాయిదా రోజు పొద్దున మీరా సాహెబ్ ఫోన్ మోగింది. స్టేషన్ నుంచి.

"ఒకామె ఇంట్ల బంగారం పోయిందట. పరుపు కుట్టేటోళ్ల మీద అనుమానమంటాంది. నీ భార్యను గూడ తీస్కరా."

సుల్తానా అతని ముఖం చూసింది. ఫోన్‌లో మాటలు ఆమెకూ వినిపించాయి.

"నువ్వన్నా ఇంట్ల ఉండు" అన్నాడు.

"ఇంటికి రారా వాళ్లు?" అంటూ ఆమె బుర్ఖా వేసుకుంది.

మీరా సాహెబ్ ఫోన్ మళ్లీ చెవి దగ్గర పెట్టుకున్నాడు. "కోర్టు వాయిదా ఉన్నది సార్. అది చూస్కోని ఇద్దరం వస్తం."

అవతల ఎవరో నవ్వారు. ఇద్దరూ కోర్టు వైపు బయలుదేరారు.