దానాంగ్ గుహలో మా అత్త

మా మేనత్త పదకొండు రోజుల కింద, శుక్రవారం పొద్దున చనిపోయింది. మా నాయనకు ఒక్కగానొక్క చెల్లెలు. అనంతపురంలో, రాప్తాడు పోయే దారిలో ఉన్న తన చిన్న ఇంట్లో టీ తాగి, పేపరు సగం చదివి, కళ్లద్దాలు తీసి పక్కన పెట్టి, కుర్చీలోనే వెనక్కి వాలింది. పాలు పోసే ఆమె వచ్చి పిలిచేదాకా ఎవరికీ తెలియదు. ఆ రోజు పేపరులో నా వ్యాసం ఉంది. అది చదివిన సగంలో ఉందో, చదవని సగంలో ఉందో నేను చూడలేదు. చదివి ఉంటే ఒక తప్పైనా పట్టుకునే ఉంటుంది. ఆ తప్పేమిటో ఇక నాకు చెప్పేవాళ్లు లేరు.

ఆమె శరీరాన్ని మెడికల్ కాలేజీకి ఇచ్చాం. ఏళ్ల తరబడి ఆమె అందరికీ చెబుతూ వచ్చిన మాటే కాబట్టి దాని మీద ఎవరూ పోట్లాడలేదు. తగాదా మర్నాడు మొదలైంది.

"శవమూ లేకపాయ, చితీ లేకపాయ. పదకొండో దినం పిండమన్నా పెట్టండప్పా," అన్నారు చుట్టాలు.

నేను అలవాటు కొద్దీ గొంతు పెంచాను. బతికినంత కాలం కర్మకాండల మీద కొట్లాడిన మనిషికి పిండం పెట్టడం ఆమెను రెండోసారి చంపడమే అన్నాను. అప్పుడు మా చిన్నమ్మ ఒకామె ఫోను తీసి నా మొహం ముందు పెట్టింది. అందులో మా అత్త ఉంది. వియత్నాంలో, సముద్రపు ఒడ్డున ఉండే దానాంగ్ నగరంలో, ఒక గుహలో, బుద్ధ విగ్రహం పక్కన రాతిగోడకు వంగి నాలుక ఆనించి ఉంది.

"చూడు, నీ నాస్తికురాల్ని! ఆయమ్మ మారింది. మారనిది నువ్వే."

ఆ ఫోటో తీసినప్పుడు నేను పక్కనే ఉన్నాను. ఆమె చేసింది నాకు అప్పుడూ అర్థం కాలేదు, ఇప్పుడూ అర్థం కావడం లేదు. ఆమె నిజంగా మారి ఉంటే, పిండం ఆపి నేను ఆమెకు అన్యాయం చేసినట్టు. మారకపోయి ఉంటే, పెట్టనిచ్చి ఉంటే అంతకన్నా అన్యాయం. పెట్రోలు ధర నుంచి పంచాంగం దాకా అన్నిటి మీదా అభిప్రాయం సిద్ధంగా ఉంచుకునే నాకు ఈ ఒక్క దాని మీద లేదు. అందుకే ఇది రాస్తున్నాను. చదివేవాళ్లకైనా ఏమైనా తోస్తుందేమో.

ముందు ఆమె ఎవరో చెప్పాలి. ముదిగుబ్బ హైస్కూల్లో సైన్సు టీచరు. పెళ్లి చేసుకోలేదు, దానికి కారణం అడిగిన వాళ్లకు "నీకు పెళ్లెందుకైంది?" అని ఎదురు ప్రశ్న వేసేది. ఎవరేం చెప్పినా కళ్లద్దాలు నుదుటి మీదికి తోసి "ఎట్ల తెలుసు?" అనేది. జిల్లా కలెక్టరునూ అలాగే అడిగింది, కూరగాయల బండి అతన్నీ అలాగే అడిగింది. గ్రహణం రోజున ఉడకబెట్టిన చెనక్కాయలు గంపలో వేసుకొని, స్కూలు గేటు ముందు కూర్చొని, పిల్లలతో పాటు ఒలుచుకొని తినేది. ఊళ్లో వాళ్లు తలుపులు వేసుకొని సందుల్లోంచి చూసేవాళ్లు. మరుసటి రోజు ఒక్క పిల్లవాడికైనా కడుపునొప్పి రాలేదే అని వాళ్లకు నిరాశగా కూడా ఉండేదని నా అనుమానం.

నాకు కోపం నేర్పింది ఆమే. దాన్ని ఎలా వాడాలో కూడా చెప్పింది. "కోపానికి ఏదో ఒక పని చెప్పు అల్లుడా. ఊరికే కూసోబెడితే ఇంట్లోవాళ్ల మీద పడతాది." నా భార్యను అడిగితే ఈ పాఠం నాకు సగమే ఎక్కిందంటుంది.

ఆమె చేసిన కొట్లాటల్లో పెద్దది వరద పాయసం మీద. మా సీమలో పుట్టని వాళ్ల కోసం చెబుతాను. వానలు పడకపోతే ఇంటింటా బియ్యమో కొర్రలో, బెల్లమో పోగుచేసి, ఊరి కొండ కింద పాయసం వండుతారు. దాన్ని కడిగిన బండ మీద పోస్తారు. జనం మోకాళ్ల మీద వంగి, చేతులు వెనక్కి పెట్టుకొని, నాలుకతో నాకి తినాలి. చేతులు తగలకూడదు. అలా చేస్తే వానదేవుడికి జాలి పుడుతుందట. బెళుగుప్ప దగ్గర మా సొంత ఊళ్లో ఒక కరువు ఏడు మా అత్త ఆ బండకు అడ్డంగా నిలబడింది. "బండకు పోసే బెల్లం పిల్లోళ్లకు పెట్టండి. వానొస్తే వస్తాది, రాకుంటే పిల్లోళ్ల కడుపన్నా నిండుతాది," అంది. ఊరు ఆమెను తిట్టింది. నేను ఆ మాట తీసుకొని ఒక కరపత్రమే రాశాను.

ఇక వియత్నాం. చిన్నప్పుడు నాకు రాజకుమారి కథలు చెప్పలేదామె. రేడియోలో విన్న యుద్ధం కథ చెప్పేది. వరి మళ్లలో నడుం వంచి పనిచేసే వాళ్లు, ఆకాశం నుంచి బాంబులు కురిపించే వాళ్లను ఎలా వెళ్లగొట్టారో చెప్పేది. ఒక్కసారి ఆ నేల చూడాలని ఆమెకు ఎప్పటినుంచో ఉంది. పోయిన చలికాలం ధర్మవరం పట్టుచీరల వ్యాపారులు కొందరు కుటుంబాలతో బయల్దేరుతూ, రెండు సీట్లు మిగిలాయన్నారు. ఎక్కేశాం.

దానాంగ్‌కు ఒక్క రోజు. పొద్దున బస్సు ఎక్కిస్తారు, సాయంత్రం దింపేస్తారు. చేతిలో చిన్న జెండా పట్టుకున్న గైడు అమ్మాయి, సన్నగా, చకచకా ఇంగ్లీషు మాట్లాడుతూ, మమ్మల్ని గొర్రెల్లా తోలుకుపోయింది. కొండ మీద ఆకాశమంత తెల్ల విగ్రహం, ఫోటో. నది మీద డ్రాగన్ ఆకారంలో వంతెన, ఫోటో. సముద్రపు ఒడ్డున హోటళ్ల వరస, ఫోటో. ఆ ఒడ్డునే ఒకప్పుడు అమెరికా సైన్యం దిగిందని గైడు ఒక్క వాక్యంలో చెప్పి, రెండో వాక్యంలో కొబ్బరినీళ్లు ఎక్కడ దొరుకుతాయో చెప్పింది. నాకు ఒళ్లు మండింది. ఎన్ని లక్షల చావుల మీద ఈ కుర్చీలు వేశారు, ఈ గొడుగులు పాతారు! బస్సులో ఈ మాటే గట్టిగా అన్నాను.

పక్క సీట్లో ధర్మవరం వ్యాపారి తిరిగి చూశాడు. "ఏమన్నా, పొద్దున్నించి చూస్తాండా. ఈ దేశంలో నీకు ఒక్కటన్నా నచ్చిందా?"

"నచ్చను వచ్చినానా?"

"మరి ఇన్ని దుడ్లు కట్టి తిట్టను వచ్చినావా? అనంతపురంలోనే ఉత్తగా తిట్టొచ్చు గదప్పా!"

బస్సంతా నవ్వింది. అందరికన్నా గట్టిగా మా అత్త నవ్వింది. నా పక్షాన ఒక్క మాటైనా అంటుందని చూశాను. ఆమె కిటికీలోంచి ఒడ్డున బోర్లించిన గుండ్రటి వెదురు పడవలను చూపిస్తూ, "అవి మన పుట్టిల మాదిరే ఉండాయి చూడు," అంది. ఒడ్డుకు దిగినప్పుడు కూడా అంతే. చీర కొంచెం ఎత్తి పట్టుకొని అల దాకా పోయి, వేలు ముంచి నోట్లో పెట్టుకొని, మొహం వికారంగా పెట్టింది. "ఇన్ని నీళ్లు! ఒక్క గుక్క తాగను పనికిరావు. వీళ్లకూ మన గతేరా." ఆమె యుద్ధం గురించి ఏమీ మాట్లాడకపోవడం నాకు మింగుడు పడలేదు. ఎవరి కథలు విని నేను ఇలా తయారయ్యానో, ఆమె వెదురు పడవలు చూసి ముచ్చటపడుతోంది.

మధ్యాహ్నం పాలరాతి కొండలకు తీసుకుపోయారు. కొండ లోపల పెద్ద గుహ. దిగుతుంటే చల్లగా, తడి మట్టి వాసన. లోపల బుద్ధుడు, అగరొత్తులు. పైన కప్పుకు బొక్కలు, వాటిలోంచి ఎండ నిట్టనిలువుగా స్తంభాల్లాగా దిగుతోంది. గైడు చెప్పింది: యుద్ధం రోజుల్లో ఇక్కడ పోరాటయోధుల ఆసుపత్రి ఉండేది, ఆ బొక్కలు బాంబులు పడి అయినవి, ఫోటోలకు పది నిమిషాలు.

మా అత్త కదల్లేదు. గాయపడిన వాళ్లను ఇక్కడే పడుకోబెట్టారా అని గైడును అడగమంది. అడిగాను. అవునంది. నీళ్లు ఎట్లా మరి అని అడగమంది. గైడు ఒక గోడ వైపు చెయ్యి చూపించింది. అక్కడ రాతి మీద సన్నటి తడి, పైనుంచి బొట్లు బొట్లుగా జారుతోంది.

అత్త అక్కడికి నడిచింది. కళ్లద్దాలు తీసి నాకిచ్చింది. వంగింది. రాతికి నాలుక ఆనించింది.

దాహమేసి తాగింది అనుకొనే వాణ్ణే. కానీ ఆమె చేతులు వెనక్కి వెళ్లాయి. నడుం మీద ఒక చెయ్యి ఇంకో చేతి మణికట్టును పట్టుకుంది. ఆ భంగిమ ప్రపంచంలో ఇంకెక్కడా ఉండదు. మా ఊరి కొండ కింద తప్ప.

వ్యాపారి వెనక నుంచి కేక పెట్టాడు. "అమ్మా! వరద పాయసం! అయ్యో మహాతల్లీ, ఈడికొచ్చి..." అని, చెప్పులు విడిచి దండం పెట్టి, ఆ చేతులతోనే ఫోటో తీశాడు. అదే వాట్సాప్‌లో మా చుట్టాల దాకా చేరింది. గైడు అమ్మాయి పరిగెత్తుకొచ్చి, ఇవి తాగే నీళ్లు కావు మేడమ్, బాటిల్ ఇస్తాను, అని చెయ్యి పట్టుకుంది. అత్త లేచి, కొంగుతో మూతి తుడుచుకొని, కళ్లద్దాల కోసం చెయ్యి చాపింది.

బస్సులో అడిగాను. "ఏమత్తా అది?"

"నీళ్లు కారుతాండె. దప్పికైంది."

"సంచిలో నీళ్ల బాటిల్ ఉండాది గదా."

"ఉండాది."

"చేతులు ఎందుకు వెనక్కి పెట్టుకున్నావు?"

నా వైపు చూసింది. అబద్ధం చెప్పడం రాని మనిషి. "పెట్టుకున్నానా?" అంది. నిజంగానే అడిగింది. తర్వాత కిటికీ వైపు తిరిగి, రెండు చేతులూ ఒళ్లో వేసుకొని వాటినే చూసుకుంటూ కూర్చుంది. ఆ తర్వాత ఆమె ముందు ఆ సంగతి ఎత్తడానికి నాకు ధైర్యం చాలలేదు. నాకు ధైర్యం చాలలేదంటే నన్నెరిగిన వాళ్లు నమ్మరు.

అదీ ఆ ఫోటో వెనక కథ. చుట్టాల ముందు ఇదంతా చెప్పాను. "చేతులు వెనక్కి పెట్టింది అని నువ్వే చెప్తాండావు. ఇంకేం కావాల?" అంది చిన్నమ్మ. నా వాదనతో నన్నే కొట్టింది. మూలన కుర్చీలో ఉన్న నాయన తలెత్తాడు.

"మీరిద్దరూ ఎందుకు అరుస్తాండారు?" అన్నాడు. "దాని సంగతి మీకేం తెలుసు?"

ఎట్ల తెలుసు అని అడగాల్సిన ఆమె లేదు గనక నేనే అడిగాను. నాయన చెప్పాడు.

ఆమె చిన్నపిల్లగా ఉన్నప్పుడు పెద్ద కరువట. ఇంట్లో పొయ్యి సరిగ్గా రాజేసింది లేదు. ఊరంతా కలిసి వరద పాయసం పోశారు. పూజారి మంత్రం ఇంకా ముగియలేదు, పెద్దలు ఇంకా వంగలేదు, ఈ పిల్ల ముందే బండ మీద పడి నాకిందట. చేతులు మాత్రం వెనక్కే పెట్టుకుందట, ఆ నియమం తెలుసు కాబట్టి. రెక్క పట్టి లాగేశారు. ఆ ఏడు వాన పడలేదు. పడనిదానికి ఊరంతా చాలా కాలం ఈ పిల్లనే అన్నది. దాని నాలుక వల్లే వాన పోయిందని.

"మా అమ్మ గూడా అనింది," అన్నాడు నాయన. "నేనూ అన్నా. నాకూ ఆకలే గదా."

చిన్నమ్మ ఫోను బోర్లించి పక్కన పెట్టింది.

"అయితే ఆ గుహలో ఆమె ఏం చేసినట్లు నాయనా? క్షమించమని మొక్కిందా? ల్యాక ఆడ గాయాలతో పడుకున్నోళ్లకు దండం పెట్టిందా? ఆకలే గుర్తుకొచ్చిందా?"

"నాకెట్ల తెలుస్తాది రా? అడగాల్సినోనివి నువ్వు. పక్కనే ఉంటివి."

ఇంతకాలం అది బెల్లం గురించి జరిగిన వాదన అనుకున్నాను నేను. బండకు పోసే బెల్లం పిల్లోళ్లకు పెట్టండి అన్నప్పుడు ఆమె కళ్ల ముందు ఉన్నది ఏ పిల్లో ఇప్పుడు తెలిసింది. తెలిసినందువల్ల నాకు తేలికగా ఏమీ లేదు. వాదన గెలిచినట్టూ లేదు, ఓడినట్టూ లేదు.

నాయన తీర్పు చెప్పాడు. పిండం వద్దు, పూజారి వద్దు. పదకొండో దినం ఊరికి పోయి పాయసం వండి, ఆ బండ మీద పోస్తానన్నాడు.

"అదీ కర్మే గదా నాయనా!"

"దేవునికి కాదురా. ఆ పొద్దు దాన్ని తిననీలే. అంతే."

దీన్ని ఎలా కాదనాలో ఇప్పటికీ వెతుకుతున్నాను.

నిన్న పోయాం. కొర్రలు, బెల్లం. నాయనే వండాడు, ఎవరినీ గరిటె ముట్టనివ్వలేదు. మంత్రం లేదు, డప్పు లేదు. ఎండకు బండ కాలుతోంది, నీళ్లు పోసి కడిగితే ఆవిరి లేచింది. దాని చుట్టూ చేలల్లో ఎండిన చెనక్కాయ తీగలు. చిన్నమ్మ కూడా వచ్చింది, దూరంగా నిలబడింది. ఊళ్లో పిల్లలకు ముందు గిన్నెల్లో పెట్టాడు నాయన. అది మా అత్త మాట. మిగిలింది బండ మీద పోశాడు. అది ఎవరి మాటో నాకు తెలియదు.

ఎనభై దాటిన మనిషి, మోకాళ్ల మీద కూర్చోవడానికి నా భుజం పట్టుకున్నాడు. వంగే ముందు నా వైపు తల తిప్పి చూశాడు.

"ఏమిరా, చేతులు వెనక్కి పెట్టుకున్నావే?"

చూసుకున్నాను. బండ మీద పాయసం పల్లానికి మెల్లగా జారుతోంది.