సమవాయం పట్టింది

పోయిన వారం రావులపాలెం నుంచి రాజమండ్రి వెళ్తున్నాను. బస్సు కడియపులంక పూల మార్కెట్టు దగ్గర ఆగినప్పుడు ఒకావిడ తడి గోనెపట్టాలో చుట్టిన మరువం కట్టలతో ఎక్కి నా పక్కన కూర్చుంది. అంతవరకూ బస్సంతా నిండి ఉన్న డీజిలు వాసన, చెమట వాసన, ఎవరి సంచిలోదో పనసతొనల వాసన ఒక్కసారిగా వెనక్కి తగ్గాయి. "అడ్డమైతే చెప్పండమ్మా, కింద పెట్టేసుకుంటాను" అందావిడ. "వద్దండి, ఒళ్లోనే ఉంచుకోండి" అన్నాను. వేమగిరి దాటేదాకా కళ్లు మూసుకుని ఆ వాసన పీలుస్తూ కూర్చున్నాను. మా కరుణమ్మ టీచరు గారు జడలో మల్లెపూలు పెట్టుకోగా నేనెప్పుడూ చూడలేదు. రోజూ ఒక్క మరువం రెమ్మ, అంతే. ఆవిడ బల్లల మధ్య నడిచి వెళ్లాక కూడా కాసేపు ఆ వాసన మా వరసలో నిలిచి ఉండేది.

కడియం పక్కన మా హైస్కూల్లో ఆవిడ తెలుగు చెప్పేవారు. పొట్టిగా ఉండేవారు. గొంతు మాత్రం పెద్దది. ఆదివారం లూథరన్ చర్చిలో ఆవిడ కీర్తన ఎత్తుకుంటే మిగతావాళ్లు పెదవులు కదిపితే చాలని మా క్లాసులో ఆ చర్చికి వెళ్లే పిల్లలు చెప్పేవారు. ప్రతి ఉదయం బోర్డు మీద ఒక మూల 'ఈవేళ్టి మాట' అని రాసి, కింద ఎవరూ పెద్దగా వాడని ఒక మాట రాసేవారు. దాన్ని సాయంత్రంలోగా బడి బయట ఎవరో ఒకరితో మాట్లాడేటప్పుడు వాడాలి, మర్నాడు వచ్చి ఏం జరిగిందో చెప్పాలి. ఒకసారి 'విలంబం' ఇచ్చారు. మా క్లాసు సూరిబాబు బస్సు కండక్టరుతో "ఈవేళ విలంబం ఎందుకయ్యిందండి?" అన్నాడట. కండక్టరు కాస్త ఆలోచించి "ఆ ఊరికి ఈ బస్సు వెళ్లదు బాబూ" అన్నాడట. మర్నాడు అది విని టీచరు గారు కళ్లజోడు తీసి తుడుచుకోవాల్సి వచ్చింది, అంతగా నవ్వారు.

నా సంగతి కొంచెం చెప్పాలి. నేను వీర్రాజు మావయ్య ఇంట్లో పెరిగాను. మావయ్య నర్సరీలో మామిడికి అంటు కట్టేవాడు. మా అమ్మ అదే నర్సరీలో మొక్కల సంచుల్లోకి మట్టి నింపే పనికి వెళ్లేదట. నాకు నాలుగేళ్లప్పుడు పచ్చకామెర్లతో పోయింది. నాన్న అంతకు ముందే ఎటో వెళ్లిపోయాడు. అమ్మ పోయిన రోజు మావయ్య భార్య సత్యవతి అత్తయ్య నన్ను చంకనేసుకుని "ఈ పూటకి మా ఇంట్లో ఉంటుందిలే" అందట. ఆ పూట ఇంకా పూర్తవలేదు. పిలుపుకి మావయ్య, అత్తయ్య అనడమే గాని, మా మధ్య ఏ చుట్టరికమూ లేదు. మా కులాలు కూడా వేరు. ఇంట్లో ఎవరూ ఆ సంగతి ఎత్తేవారు కాదు కాబట్టి నాకు అది పెద్ద విషయమని చాలాకాలం తెలియలేదు.

తొమ్మిదో తరగతిలో ఒక శుక్రవారం ఈవేళ్టి మాట 'సమవాయం'. "అంటే గుంపు, సమూహం, కూడిక" అని చెప్పారు టీచరు గారు. నేను సాయంత్రం మావయ్యతో "మన నర్సరీలో మొక్కల సమవాయం ఎంత ఉంది?" అని అడిగాను. "వాయనమా? అది పేరంటాల్లో ఇస్తారు కదమ్మా" అన్నాడు మావయ్య. సోమవారం ఆ కబురు చెప్పి నవ్వించాలని నేను వెళ్తే, టీచరు గారు బోర్డు మీద మళ్లీ అదే మాట రాసి మా వైపు తిరిగారు.

"శుక్రవారం నేను చెప్పింది సగమేనర్రా. ఇంటికెళ్లి నిఘంటువు చూస్తే ఇంకో అర్థం కనబడింది, అది నాకు అర్థం కాలేదు. నిన్న చర్చి అయ్యాక రాజమండ్రి వెళ్లి, తర్కశాస్త్రం చదువుకున్న ఒక పెద్దాయన్ని అడిగి వచ్చేను."

అంత పెద్ద టీచరు గారు తనకు అర్థం కాలేదని చెప్పడం మాకు వింతగా ఉంది. ఆవిడకేమో అదేమీ పట్టలేదు. బల్ల మీద పుస్తకం పెట్టారు. తీశారు. "చూశారా, వచ్చింది, పోయింది. ఇది సంయోగం. రెండు వేరే వస్తువులు ఒకదాన్నొకటి తాకడం." తర్వాత తన చీర కొంగు పట్టుకుని చూపించారు. "ఈ బట్టా, ఇందులో నూలూ. నూలంతా లాగేస్తే బట్ట ఎక్కడుంటుంది? బట్ట నూలు మీద లేదు, పక్కన లేదు, నూలులోనే ఉంది. విడదీస్తే ఉండదు. ఆ లోపలి సంబంధం పేరు సమవాయం."

ఇక ఆ పీరియడంతా గోలే. ఇడ్లీకీ పిండికీ సమవాయమని ఒకరు, కుండకీ మట్టికీ అని ఒకరు. ఆ రెండూ టీచరు గారు ఒప్పుకున్నారు. పులుసులో ఉప్పు సంగతి వచ్చేసరికి క్లాసు రెండుగా చీలిపోయింది. "ఎండబెడితే ఉప్పు విడిగా వచ్చేస్తుంది కదండీ, సంయోగమే" అన్నాడు సూరిబాబు. "మరి ఎక్కువైతే తియ్యలేం కదండీ" అంది వెనక బెంచీ పిల్ల. ఆ సందట్లో నేను లేచి "అంటు మొక్క ఏదవుతుందండి?" అని అడిగాను. "నాటు మొక్క వేరే, పై కొమ్మ వేరే. తెచ్చి కట్టేది. కానీ తర్వాత ఊడి రాదు కదండీ."

టీచరు గారు సుద్దముక్క బల్ల మీద పెట్టేశారు. "నాకు తెలీదు దుర్గా. నేనెప్పుడూ దగ్గరనుంచి చూడలేదు. సాయంత్రం మీ మావయ్య పనిలో ఉంటారా?" అన్నారు.

నిజంగానే వచ్చారు. ఆవిడ సైకిలు నర్సరీ గేటు దగ్గర ఆగడం చూసి మావయ్య నేనేదో తప్పు చేశాననుకున్నాడు. తలపాగా విప్పి చేతిలో పట్టుకుని "ఏంటండి టీచరు గారూ, పిల్ల సరిగ్గా చదవట్లేదా అండి?" అన్నాడు. "పిల్ల నాకు పాఠం చెబుతోందండి. మీరు కూడా కొంచెం చెప్పాలి" అన్నారావిడ. మావయ్యకి ఏం చెయ్యాలో తోచక, బోర్లించిన పూలకుండీ ఒకటి తుడిచి కూర్చోమన్నాడు. తర్వాత పని మొదలుపెట్టాక సిగ్గు దానంతట అదే పోయింది. నాటు మామిడి మొక్కని అడ్డంగా కోసి, మధ్యలో చీల్చి, కొత్తపల్లి కొబ్బరి మామిడి కొమ్మని రెండు పక్కలా చెక్కి అందులో దింపాడు.

"తోలుకి తోలు కలవాలండి. అదే ముఖ్యం. ఒక పక్కయినా కలవాలి. కలిసేక ఇలా రిబ్బను చుట్టేయడమే. మనం చేసేది ఇక్కడితో సరండి. మిగతాది అవే చేసుకుంటాయి."

"ఎన్నాళ్లకి తెలుస్తుందండి?"

"చిగురు పెట్టాలండి. అంతవరకూ మనం కదపకూడదు. కట్టు విప్పి చూడాలని చెయ్యి దురదపెడతాదండి, అయినా చూడకూడదు." పక్క వరసలోంచి మూడేళ్ల మొక్క ఒకటి తెచ్చి ఆవిడ చేతిలో పెట్టాడు. "ఇదిగో, ఇదీ అతుకు. మచ్చ కనబడతంది చూడండి, అది పోదు. కానీ గట్టిగా వంచారనుకోండి, ఇంకోచోట విరుగుద్ది గాని ఇక్కడ విరగదండి. ఆయ్."

టీచరు గారు ఆ మచ్చని వేలితో చాలాసేపు తడిమారు. "ఇది సంయోగమో సమవాయమో ఇంకా తెలీలేదు గాని, ఈవేళ నాకు రెండో అర్థం బాగా తెలిసింది వీర్రాజు గారూ" అన్నారు. మావయ్యని ఎవరైనా 'గారూ' అని పిలవగా నేను వినడం అదే మొదటిసారి.

మళ్లీ ఆదివారం ఆవిడ ఆ పెద్దాయన దగ్గరికి వెళ్లి వచ్చారు. ఆయన చెప్పిన జవాబు నా నోట్సులో రాయించారు. కొమ్మకీ కింది మొక్కకీ మధ్య ఉన్నది సంయోగమే, ఎందుకంటే అవి ఒకప్పుడు వేరే. కానీ ఆ రెండూ కలిసి ఏర్పడిన చెట్టుందే, ఆ చెట్టుకి వాటితో ఉన్నది సమవాయం. అచ్చం బట్టకీ నూలుకీ ఉన్నట్టే. "అంటే నువ్వన్నదీ నిజమే, శాస్త్రం అన్నదీ నిజమే" అన్నారు టీచరు గారు. ఆవిడ ఆ రోజు ఎంత సంతోషంగా ఉన్నారంటే, మాకు ఇంటిపని ఇవ్వడం మర్చిపోయారు.

పదో తరగతి పాసయ్యాక రాజమండ్రిలో ఒక ఆడపిల్లల కాలేజీలో నాకు ఇంటర్ సీటు వచ్చింది, హాస్టలుతో సహా. చేరడానికి ఆఖరి రోజున మావయ్య ఇస్త్రీ చొక్కా వేసుకుని నాతో వచ్చాడు. టీచరు గారు కూడా తోడొచ్చారు. ఆవిడ జిరాక్సు తీయించడానికి బయటికి వెళ్లిన సమయంలో కౌంటరు దగ్గర మా వంతు వచ్చింది. గుమస్తా గారు దరఖాస్తు చూస్తూ "సంరక్షకుడు వీర్రాజు. సంబంధం దగ్గర ఖాళీగా ఉందేంటమ్మా?" అన్నారు.

"మావయ్య అండి" అన్నాను.

"అమ్మకి తమ్ముడా, అన్నా?"

"కాదండి. అలా పిలుస్తానండి."

ఆయన తల ఎత్తి మావయ్యని చూశారు. "అసలు మీరు ఈ అమ్మాయికి ఏమవుతారండి?"

మావయ్యకి అబద్ధం ఆడటం రాదు. రెండు చేతులూ ముందు కట్టుకుని "ఏమీ కానండి" అన్నాడు.

మావయ్య తప్పేమీ లేదు. అడిగిందానికి నిజమే చెప్పాడు. కానీ ఆ మూడు అక్షరాల 'కానండి' విన్నాక నా కళ్లకి ఆ గది సరిగ్గా కనబడలేదు. పన్నెండేళ్లు నా తల దువ్విన అత్తయ్య, జ్వరమొస్తే భుజాన వేసుకుని ఆసుపత్రికి మోసిన మావయ్య, వీళ్లు కాగితం మీద ఎవరూ కారని నాకు అప్పుడే తెలిసింది. గుమస్తా గారు చెడ్డ మనిషి కాదు. "హాస్టల్లో ఆడపిల్లని చేర్చుకుంటున్నాం, రేపు ఎవరో వచ్చి ఆ పిల్లని పంపమంటే మేమేం చెయ్యాలండి? బంధువులు సంతకం పెట్టాలి" అన్నారు మెల్లగా.

అంతలో టీచరు గారు వచ్చారు. సంగతి విన్నారు. దరఖాస్తు తన వైపు తిప్పుకుని, ఖాళీగా ఉన్న గడిలో గుండ్రటి అక్షరాలతో 'సమవాయం' అని రాశారు.

గుమస్తా గారు దాన్ని రెండుసార్లు చదివారు. "ఇది ఏ వైపు చుట్టరికం అండి?"

"రెండు వైపులా అండి" అన్నారు టీచరు గారు.

విషయం ప్రిన్సిపాలు మేడం గారి గదిదాకా వెళ్లింది. అక్కడ టీచరు గారు బట్ట, నూలు, మామిడి అంటు అన్నీ వివరించారు. మేడం గారు శ్రద్ధగా విని, చివర్లో నవ్వారు. "మాట చాలా బావుందండి. కానీ రేపు నా తర్వాత వచ్చేవాళ్లు ఈ గడి చదివితే వాళ్లకి అర్థం కావాలి కదా" అన్నారు. టీచరు గారు వాదించలేదు. ఆ మాట తనే కొట్టేసి, మావయ్య వైపు తిరిగారు.

"వీర్రాజు గారూ, ఏమవుతారో వదిలేయండి. ఈ పిల్లకి మీరేం చేశారో చెప్పండి."

మావయ్య నా వైపు చూశాడు. "పెంచానండి. అంతేనండి" అన్నాడు.

టీచరు గారు ఆ గడిలో 'పెంచిన తండ్రి' అని రాశారు. తెల్లకాగితం తీసుకుని, నేను ఎప్పటినుంచి ఎవరింట్లో ఎలా పెరిగానో తనకు తెలిసినంతా రాసి, ఈ అమ్మాయి విషయంలో తనదీ బాధ్యతేనని కింద సంతకం పెట్టారు. మేడం గారు చదివి ఆ కాగితాన్ని దరఖాస్తుకి జతచేశారు. బయటికొచ్చాక టీచరు గారు నాతో అన్నారు: "చూశావా, ఎంత గొప్ప మాటైనా ఎదుటివాళ్లకి అందకపోతే పక్కన పెట్టేయాలి. అందే మాట వెతకాలి. మీ మావయ్యకి దొరికింది, నాకు దొరకలేదు."

తిరుగు బస్సులో మావయ్య గుసగుసగా "ఆవిడ ముందు రాసిందేంటమ్మా?" అని అడిగాడు. చెప్పాను. ఈసారి వాయనం అనలేదు. దారంతా లోలోపల పలికి చూసుకుంటూనే ఉన్నాడు. నెల తర్వాత నేను సెలవులకి వచ్చేసరికి, నర్సరీలో మొక్కల వరసల మధ్య తిరుగుతూ పక్కవాడితో "ఈ వరసకి సమవాయం పట్టిందిరా, కట్లు విప్పేయొచ్చు" అంటున్నాడు. అతనూ "అవునన్నా, ఆ చివర రెండిటికి పట్టలేదు" అన్నాడు, పుట్టినప్పటినుంచీ ఆ మాట వాడుతున్నట్టు. ఈ సంగతి చెప్పినప్పుడు టీచరు గారు కుర్చీలోంచి లేచి నిలబడ్డారు. నిఘంటువు తెప్పించి ఆ మాట పక్కన అంచు మీద పెన్సిలుతో రాసుకున్నారు: 'కడియం నర్సరీల్లో: అంటు అతికి చిగురించడం.' "పండితులకి చూపించాలి. వాళ్లు ఒప్పుకోకపోయినా పర్వాలేదు, మొక్కలు ఒప్పుకున్నాయి" అన్నారు.

ఆవిడ రెండేళ్ల క్రితం వెళ్లిపోయారు. చివరి నెలల్లో గొంతు సన్నబడింది గాని నవ్వు తగ్గలేదు. చూడటానికి వెళ్లిన ప్రతిసారీ బళ్లో పిల్లలు ఏమేం తప్పులు రాస్తున్నారో అడిగి చెప్పించుకునేవారు. అవును, నేనూ తెలుగు టీచర్నే అయ్యాను. రావులపాలెంలో చెబుతున్నాను.

మొన్నీమధ్య ఏడో తరగతిలో ప్రసన్న అనే పిల్ల వ్యాసంలో 'గెలలో పది అత్తాలు ఉన్నాయి' అని రాస్తే, నేను కొట్టేసి ఎర్రసిరాతో 'హస్తాలు' అని దిద్దాను. ఆ పిల్ల తలొంచుకుని "మా నాన్న అత్తం అనే అంటారండి" అంది. వాళ్ల నాన్న అరటి మార్కెట్లో గెలలు దింపుతాడు. ఆ సాయంత్రం నేను మార్కెట్టుకి వెళ్లాను. గెలల గుట్టల మధ్య నిలబడి, లారీ దగ్గర ఉన్న అతన్ని "నాకు తెలీదండి, కొంచెం చెప్తారా?" అని అడిగాను. అలా అడగడానికి నాకు సిగ్గు వెయ్యదు. ఎప్పుడో పోయిందది. అతను ఒక గెల దించి, ఒక్కో అత్తాన్నీ, అంటే ఒక్కో వరస కాయల్నీ, పట్టి చూపించి, అందులో పెద్దవీ చిన్నవీ ఎలా చూస్తారో అన్నీ చెప్పాడు. పక్కనున్నవాళ్లు కూడా వచ్చి ఎవరికి తెలిసింది వాళ్లు కలిపారు. చీకటి పడకముందే ఇంటికొచ్చి చూసుకుంటే చీర కొంగంతా అరటి జిగురే.

మర్నాడు క్లాసులో అందరి ముందూ ప్రసన్న నోట్సు అడిగి తీసుకుని, నేను దిద్దిన ఎర్రగీత మీద అడ్డగీత గీసి, పక్కన 'అత్తం సరైనదే, టీచరుకి తెలియదు' అని రాసి సంతకం పెట్టాను. ఆ పిల్ల నోట్సు తీసుకుని చూసింది. తర్వాత నన్ను చూసి, ఎంతో దయగా, "పర్లేదండి టీచర్, నేర్చుకుంటారులెండి" అంది. క్లాసంతా ఘొల్లుమంది. అందరికంటే ఎక్కువసేపు నవ్వింది నేనే.