కొలతకు పెట్టుకున్న చుక్క

మా ముత్తాత జాగీర్దారు. కోరుట్ల చుట్టుపక్కల ఊళ్ళు ఆయన మాట మీద నడిచేవి. ఆయన కొడుకు, అంటే మా దాదా, జాగీర్లు రద్దయ్యాక కూడా షేర్వాణీ గుండీ ఒక్కటి విప్పకుండా బతికిన మనిషి. జాగీరు పోయింది గానీ దాదా కంటికి ఉన్న పేరు పోలేదు. నెలవంక కనబడిందా లేదా అని సందేహం వస్తే ఊరి పెద్దలు మొదట మా దేవిడీకే, అంటే మా పాత బంగళాకే, మనిషిని పంపేవాళ్ళు. దాదా మిద్దె దిగి వచ్చి చూశానంటే, దాని మీద ఇంకొకరు మాట్లాడేవాళ్ళు కాదు. మా అబ్బాకు, అంటే మా నాన్నకు, ఆ కన్ను రాలేదు. నాకు వచ్చిందని ఈ మధ్య దాకా అనుకున్నాను.

నేను జగిత్యాలలో జూనియర్ కాలేజీ పిల్లలకు లెక్కలు చెప్పి రిటైరయ్యాను. దాదా వదిలిపోయిన ఇత్తడి దుర్భిణీతో మొదలుపెట్టి, ముప్పై ఏళ్ళుగా ఒక ఎర్రటి నక్షత్రాన్ని చూస్తున్నాను. అది కొన్ని నెలలు బాగా వెలిగి, కొన్ని నెలలు మసకబారుతుంది. దాని పక్కన మారకుండా ఉండే మరో నక్షత్రాన్ని కొలతగా పెట్టుకొని, ఇవ్వాళ దానికన్నా ఎంత ఎక్కువ, ఎంత తక్కువ అని కంటితోనే అంచనా కట్టి రాయాలి. దేశదేశాల వాళ్ళు రాసే ఇలాంటి అంచనాలన్నీ ఇంటర్నెట్‌లో ఒకే పట్టీలో చేరతాయి. అందులో ఎవరైనా రాయవచ్చు, ఎవరైనా తీసుకోవచ్చు. నా పాత నోటుబుక్కుల్లో ఉన్నవన్నీ కూడా అందులోకి ఎక్కించాను.

కొలతకు ఏ నక్షత్రాలు పనికొస్తాయో వాళ్ళే ఒక పటంలో అంకెలు వేసి ఇస్తారు. నేను ఆ పటం వాడలేదు. చిన్నప్పుడు దాదా నాకొక నక్షత్రం చూపించి, ఇది మారదు, దీన్ని పట్టుకో అన్నారు. నేను దాన్నే పట్టుకున్నాను, ఆ సంగతి పట్టీలో రాశాను కూడా. పటంలో ఆ నక్షత్రం పక్కన అంకె లేదు. ఎందుకు లేదని ఒక్కనాడూ ఆలోచించలేదు.

జగిత్యాలలో ఒక బడి గదిలో, నెలకొక ఆదివారం పొద్దున, ఆకాశం మీద ఇష్టం ఉన్నవాళ్ళం పదిమందిమి కలుస్తాం. అక్కడికి రెండేళ్ళ కింద సిరిసిల్ల నుంచి ఒక అమ్మాయి రావడం మొదలుపెట్టింది. బట్టల యూనిట్‌లో ఆమెకు ఉద్యోగం. మగ్గాల మీద నుంచి దిగిన తాన్లు బల్ల మీద పరిచి, పోగు తెగిన చోట సుద్దతో గుర్తు పెడుతుంది. డిగ్రీలో లెక్కలు చదివింది. తండ్రి సాంచాలు, అంటే మరమగ్గాలు, నడిపి ముసలివాడైన మనిషి. ఆమెకు దుర్భిణీ లేదు, బైనాక్యులర్ లేదు. పెద్ద దుర్భిణీలు ఆకాశమంతా ఫోటోలు తీసి ఆ లెక్కలను అందరికీ తెరిచిపెడుతున్నాయి కదా, వాటిని పాత లాప్‌టాప్‌లో దింపుకొని చూస్తుంది. సెలవు రోజుల్లో గెలాక్సీల బొమ్మలు వందల కొద్దీ ముందేసుకొని, దేనికి సుడి ఉంది, దేనికి లేదు అని గుర్తులు పెడుతుంది. ఏదో దేశపు ప్రొఫెసరు ఆమెకు కృతజ్ఞతలు చెబుతూ ఉత్తరం రాశాడు. దాన్ని మా ఫోన్ గ్రూపులో అందరూ చదివారు. నేనూ చదివాను, మూడుసార్లు.

ఆరు నెలల్లో అందరూ సందేహాలు ఆమెనే అడగడం మొదలుపెట్టారు. నేను గదిలో ఉండగానే అడిగేవాళ్ళు. పొద్దున పేపరు కన్నా ముందు ఆమె గ్రూపులో ఏం పెట్టిందో చూసేవాణ్ణి. సిరిసిల్ల మీద మబ్బు పట్టిందని తెలిస్తే లోలోపల సంతోషంగా ఉండేది. మబ్బుతో ఆమెకు పని లేదన్న సంగతి తర్వాత గుర్తొచ్చేది.

ఒక ఆదివారం ఆమె నా నక్షత్రం వెలుగు హెచ్చుతగ్గుల గీతను ప్రొజెక్టరుతో గోడ మీద వేసి చూపించింది. ప్రపంచంలో అందరి అంచనాలూ నల్ల చుక్కలు, నావి పచ్చ చుక్కలు. నల్లవన్నీ ఒక అలలా పైకి లేచి దిగుతున్నాయి. పచ్చవి దాని మీద కూర్చోకుండా, ఒకచోట పైకి, ఒకచోట కిందికి, వేరే దారి పట్టాయి.

"సార్‌కు అద్దాలు మార్పియ్యాలె" అన్నారు వెనక నుంచి ఎవరో. అందరూ నవ్వారు. ఆమె నవ్వలేదు. ఆమె కూడా నవ్వి ఉంటే నాకు అంత కష్టంగా ఉండేది కాదు. మా ఇంటి కన్ను మూడు తరాలుగా ఇదేనని చెప్పి లేచి వచ్చేశాను.

మూడు వారాల తర్వాత ఫోన్ చేసింది. తేడా ఎక్కడుందో దొరికిందని, వచ్చే ఆదివారం చూపిస్తానని అంది. మళ్ళీ పదిమంది ముందు వినడం ఇష్టం లేక, నేనే బస్సెక్కి సిరిసిల్ల పోయాను. వాళ్ళది రెండు గదుల ఇల్లు, పక్కింటి సాంచాల చప్పుడుకు గోడలు అదురుతున్నాయి. తండ్రి కుర్చీ తుడిచి వేశాడు.

"కూసోండ్రి సాబ్" అన్నాడు. "మా అయ్య బట్టల మూట నెత్తిన వెట్టుకొని కోరుట్లకు పోయేటోడు. మీ దేవిడీ ముంగటికెళ్ళి పోవాలంటే చెప్పులు చేత వట్టుకునేటోడట. గిప్పుడు మీరే మా ఇంటికి అచ్చిండ్రు."

మాటలో ఎత్తిపొడుపు లేదు. ఉంటే జవాబు చెప్పేవాణ్ణి.

ఆమె లాప్‌టాప్ నా వైపు తిప్పింది. అందరి అంచనాకూ నా అంచనాకూ ఉన్న తేడాను మాత్రమే తీసి, వేరుగా గీసింది. అది చిందరవందరగా లేదు. చిన్న అల ఒకటి, నెమ్మదిగా లేస్తూ, నెమ్మదిగా దిగుతూ.

"మీరు తప్పు చూడలే సార్" అంది. "మీరు కొలతకు పెట్టుకున్న చుక్కనే మారుతున్నది. ఫోటోల లెక్కల్ల గూడ గిట్లనే ఉన్నది. కని గవి ఏడెనిమిదేండ్ల సందియే. గంతకు ముందటియి లోకంల ఎవ్వల దగ్గర లేవు, మీ దగ్గరనే ఉన్నయ్."

దాదా మారదన్న నక్షత్రం మారుతోంది. ఆ మాట కన్నా నన్ను ఎక్కువ బాధ పెట్టింది వేరే. ముప్పై ఏళ్ళు ఆ మార్పు నా చేతి రాతలోనే ఉంది. దాన్ని నా నోటుబుక్కుల నుంచి తీసింది తాన్లలో తెగిన పోగు వెతికే పిల్ల.

ఇద్దరి పేర్లతో ఏదైనా ఖగోళ పత్రికకు ఒక చిన్న వ్యాసం పంపుదామని అంది. దానికి ముందు ఒక్క సంగతి తేలాలట. నా లెక్కల్లో ఒక నెల నుంచి మొత్తం అంచనాలు ఒక్కసారే కిందికి దిగాయి, ఆ తర్వాత అక్కడే ఉన్నాయి.

"దుర్భిణీ మారిందా సార్? పట్టీల దుర్భిణీ కాలమ్‌ల మొదటి సంది ఒకటే రాసి ఉన్నది, మూడంగుళాల ఇత్తడిది అని."

"మారలే" అన్నాను. ఆమె తండ్రి గుమ్మంలో నిలబడి వింటున్నాడు.

అది అబద్ధం. ఆ నెల నుంచి నేను చూస్తున్నది మామూలు బైనాక్యులర్‌తో. కాలమ్‌లో మాత్రం పాత మాటే రాస్తూ వచ్చాను.

ఆమె, కారణం తెలియకుండా ఆ నెలకు ముందువీ తర్వాతవీ కలిపి అతికిస్తే వ్యాసం చూసేవాళ్ళు ఒప్పుకోరని, నా అంచనాలు మొత్తం పక్కన పెట్టాల్సి వస్తుందని నిదానంగా చెప్పింది. నీ ఇష్టం అన్నాను. చాయ్ తాగకుండా లేచాను.

ఇంటికొచ్చి జరిగింది చెబితే నా భార్య బియ్యంలో రాళ్ళు ఏరుతూ, "ఆ చుక్క కూడా మన జాగీరులోదేనా" అని అడిగింది. రెండు రోజులు భార్యతో మాట్లాడలేదు. తర్వాత వారం రోజులు కూర్చొని, ఆ అమ్మాయి వాడిన లెక్కలన్నీ నేనూ దింపుకొని మొదటి నుంచి చేశాను. ఎక్కడో ఒక తప్పు దొరక్కపోదని ఆశ. నలభై ఏళ్ళు పిల్లల పేపర్లు దిద్దినవాణ్ణి. ఒక్కటి దొరకలేదు. పని అంత శుభ్రంగా ఉన్నందుకు ఆమె మీద ఇంకా మండింది.

నెల తర్వాత, పంపబోయే ముందు ఒకసారి చూడమని వ్యాసం నాకు పంపింది. పేరు ఒక్కటే ఉంది, ఆమెది. నా అంచనాలు ఒక్కటీ లేవు. ఆ నక్షత్రం చరిత్ర ఫోటోలు మొదలైన ఏడాది నుంచే మొదలవుతోంది. అంతకు ముందు దాన్ని ఎవరూ చూడనట్టే ఉంది.

నేను నిజం రాసింది నిజాయితీ వల్ల కాదు. దాదా వేలు పెట్టి చూపించిన నక్షత్రం పక్కన ఆమె పేరు ఒక్కటే ఉండడం చూడలేకపోయాను. ఆ మధ్యాహ్నమే పట్టీ తెరిచి, ఆ నెల నుంచి ఉన్న ప్రతి వరుసలో ఇత్తడి దుర్భిణీ తీసేసి బైనాక్యులర్ అని దిద్దాను. వందల వరుసలు. చివర ఎందుకు మారిందో కారణం రాయమని ఒక గడి ఉంది.

మర్నాడే పట్టీలో అది చూసి, ఆమె నా అంచనాలు వ్యాసంలో కలిపి రెండో పేరుగా నాది చేర్చింది. ఎందుకు దాచారని అడగలేదు. వ్యాసం అచ్చయింది. ఇప్పటికీ దాన్ని తెరిస్తే నా కన్ను ముందు మొదటి పేరు మీదే పడుతుంది. ఇక పట్టీలో ఆ నెల మీద ఎవరు నొక్కినా, ఏ దేశం వాళ్ళయినా, ఆ గడిలో నేను రాసినది చదువుకోవచ్చు: మా దాదా ఇత్తడి దుర్భిణీని, మూడు కాళ్ళ స్టాండుతో, తోలు పెట్టెతో సహా, హైదరాబాదులో పాత సామాను కొనే ఒకతనికి అమ్మేశాను.