నాలుగు పొగగొట్టాల ఓడ

మొన్న మా అంగన్‌వాడీలో కొత్తగా చేరిన పిల్ల సంచి మీద నాలుగు పొగగొట్టాల ఓడ బొమ్మ చూశాను. మంచుకొండకు గుద్దుకుని మునిగిన ఆ పెద్ద ఓడే. ఆ పిల్ల తాతలు పుట్టకముందు మునిగింది, ఇంకా సంచుల మీద తిరుగుతూనే ఉంది.

మన ఈడువాళ్ళకు గుర్తుండే ఉంటుంది, తొంభైల చివర ఆ ఓడ మీద తీసిన సినిమా కాకినాడలో ఆడినప్పుడు ఆటోల వెనక, సెలూన్ అద్దాల పక్కన, ఆఖరికి ఫొటో స్టూడియో పరదా మీద కూడా అదే ఓడ ఉండేది. మా రేవులో కుర్రాళ్ళు నావ కొసన నిలబడి చేతులు చాపితే, పని చూసుకోండిరా అని ముసలివాళ్ళు కసిరేవారు. అంతకు రెండేళ్ళ ముందే తుఫానుకు మా ఆయన నావ తిరిగి రాలేదు. మనిషీ దొరకలేదు, నావ చెక్కా దొరకలేదు. పెద్దలు కర్మ చేయించి నా గాజులు తీయించాలన్నారు, పుట్టింటివాళ్ళు మారుమనువు మాట కూడా ఎత్తారు; కళ్ళతో చూడందే ఒప్పుకోనని మా అత్తగారు గడపకు అడ్డంగా కూర్చున్నారు. ఆవిడ మొండితనం ఊరెరిగినదే. అయినా రెండేళ్ళు గడిచేసరికి గొంతు తగ్గి, వచ్చే అమావాస్యకు కానిచ్చేద్దామని ఆవిడే అన్నారు.

ఆ మధ్యలోనే పేటలో ఆడవాళ్ళంతా సినిమాకు బయల్దేరుతూ, ఇంట్లో కూర్చుని ఏం చేస్తారంటూ మమ్మల్నీ లాక్కెళ్ళారు. భాష మాకెవరికీ తెలియదు. జనం నీళ్ళలో కొట్టుకుంటుంటే హాలంతా ముక్కులు చీదింది. నేను తల వంచుకుని కొంగు చూసుకుంటూ కూర్చున్నాను, అత్తగారు మాత్రం రెప్ప వేయలేదు. ఆవిడకు ప్రేమకథ పట్టలేదు, సముద్రం అడుగున లైట్లు వేసి ఆ ఓడను వెతికి పట్టుకోవడం పట్టింది. అది నిజంగా జరిగిందా, ఎన్నేళ్ళకు దొరికిందని బస్సులో అడిగారు. పదో తరగతి చదివినదాన్ని కదా, పేపర్లో చూశాను; నిజమేనని, డెబ్బై ఏళ్ళు దాటాకేనని చెప్పాను. ఆవిడ నా చెయ్యి ఒళ్ళోకి తీసుకున్నారు.

“అయితే మనోడిదీ దొరుకుద్దే. గాజులు ఉంచుకో.”

కాదనలేకపోయాను. అమావాస్య వచ్చింది, పోయింది. పుట్టింటివాళ్ళు అలిగి రాకపోకలు మానేశారు.

అత్తగారు పోయి పదేళ్ళు దాటింది. ఆ ఓడ కోసం లోకమంతా వెతికింది, మా నావ పేరు చెబితే గుర్తుపట్టేవాళ్ళు ఇప్పుడు మా రేవులోనే లేరు. కుర్రాళ్ళకు మరబోట్లు వచ్చాయి, తుఫాను కబురు ముందే ఫోన్లకు వస్తోంది, మంచిదే. నాకే మా నావ సంగతి ఎవరితో చెప్పుకోవాలో తెలియడం లేదు. మొన్న ఆ పిల్ల భుజానికి సంచి తగిలిస్తుంటే నా గాజు ఒకటి చిట్లింది. అత్తగారు ఉన్నన్నాళ్ళూ కొత్త గాజులు ఆవిడే నా చేతికి ఎక్కించేవారు. ఆ సాయంత్రం సంతలో డజను కొని తెచ్చుకుని, ఒక్కదాన్నే ఎక్కించుకున్నాను.