అరువు గొంతు

నేను టీవీ సీరియళ్ళలో నటిస్తాను. ఈ మాట చెప్పగానే ఎదుటివాళ్ళు నా మొహంలోకి పరీక్షగా చూసి, "ఎక్కడో చూసినట్టే ఉందండీ" అంటారు. ఇన్నేళ్ళలో నేను సంపాదించుకున్న కీర్తి అంతా ఆ 'ఎక్కడో'లోనే ఉంది. డాక్టరునై ఆపరేషన్ థియేటర్లోంచి బయటికొచ్చి, కళ్ళజోడు తీసి, "మా ప్రయత్నం మేం చేశాం" అంటాను. రిజిస్ట్రారునై సంతకం ఎక్కడ పెట్టాలో వేలితో చూపిస్తాను. పెళ్ళిలో ఎవరో "ఆపండి" అని అరిస్తే అందరికంటే ముందు తల తిప్పే పెద్దమనిషిని కూడా నేనే. తల తిప్పడంలో నాకు మంచి పేరుంది.

ఒకసారి అమలాపురం బస్టాండులో ఒకాయన సంచీలోంచి తన షుగర్ రిపోర్టు తీసి నా చేతిలో పెట్టాడు. డాక్టరు వేషం ఫరవాలేదనిపించింది. తీపి తగ్గించమని చెప్పి పంపాను. ఆయన రెండో చేతిలో పూతరేకుల పెట్టె ఉంది.

నా మొదటి వేషం మాత్రం టీవీలో కాదు, రాజోలు దగ్గర మా ఊరి చర్చిలో, క్రిస్మస్ నాటకంలో. మా అక్కయ్య తెలుగు టీచరు. ఆ నాటకాలన్నీ ఆవిడే వేయించేది. నాకు సత్రం యజమాని వేషం ఇచ్చింది. నిండు గర్భిణిని వెంటబెట్టుకుని వచ్చిన ప్రయాణికుడితో "చోటు లేదు" అని తలుపు వేసెయ్యాలి. అంతే. ఇప్పటికీ దాదాపు అదే చేస్తున్నాను. ఆ రెండు మాటలూ చివరి బల్ల మీదివాళ్ళకి వినపడేదాకా అక్కయ్య నన్ను వదల్లేదు. "గొంతులోంచి కాదురా, పొట్టలోంచి అను" అనేది. అప్పటికి నాకు పొట్ట లేదు. తర్వాత వచ్చింది.

కొన్నేళ్ళ కిందట అక్కయ్యకి నీటికాసుల జబ్బు చేసింది. చూపు మెల్లగా తగ్గి తగ్గి, ఒకరోజుకి పూర్తిగా పోయింది. నేను టీవీలోకి వచ్చింది ఆ తర్వాతే. రాజోల్లో బావగారూ ఆవిడా ఉంటారు. బావగారు ఆర్టీసీలో కండక్టరుగా చేసి రిటైరయ్యారు. నా సీరియల్ వచ్చే వేళకి అక్కయ్య పక్కన కుర్చీ వేసుకుని, తెర మీద ఏం కనిపిస్తుంటే అది చెబుతారు. ఉద్యోగం పోయినా పద్ధతి పోలేదు.

"మీ తమ్ముడు ఎక్కేడు. నించున్నాడు. మాట్లాడతన్నాడు. దిగిపోయేడు."

చిక్కంతా ఆ మాట్లాడటం దగ్గరే వచ్చింది. తెర మీద మాట్లాడేది నేను కాదు. హీరోయిన్‌ది బెంగళూరు, విలన్‌ది మైసూరు, అందుకని మాటలన్నీ తర్వాత స్టూడియోలో వేరేవాళ్ళు చెబుతారు. నాలాంటి రెండు ముక్కల మనిషిని దానికోసం మళ్ళీ పిలిపించే ఓపిక ఎవరికీ ఉండదు. సీరియల్లో ముసలివాళ్ళందరికీ కలిపి ఒకే డబ్బింగ్ ఆర్టిస్టు. నెమ్మదస్తుడు. నన్ను మొదటిసారి కలిసినప్పుడు, "మీ పెదాలు చాలా సౌకర్యంగా ఉంటాయండీ" అన్నాడు. ఒక కథలో నాకూ నా వియ్యంకుడికీ పెద్ద గొడవ. ఆ గొడవంతా ఆయన మైకు ముందు తనతో తనే పడ్డాడు. చివరికి నేనే నెగ్గాను.

అక్కయ్య రెండు మూడు సీరియళ్ళు విని, "ఇది వాడు కాదు" అంది.

"పెదాలు వాడివేనే" అన్నారు బావగారు.

"పెదాలు నాకు కనపడవు కదండీ."

తర్వాత నాకు ఫోన్ చేసింది.

"నిజం చెప్పరా అబ్బాయ్. అక్కడ ఏం చేస్తన్నావ్?"

"నటిస్తున్నానక్కయ్యా."

"అదే నేనూ అంటన్నాను. నా దగ్గర నటించకు."

డబ్బింగ్ సంగతి వివరంగా చెప్పాను. ఓపిగ్గా వింది. విని, "నీ మొహం పెట్టుకుని గొంతు ఎందుకు పెట్టుకోరు? గొంతుకి ఏం తక్కువ? నేను కదా నేర్పేను" అంది. అది నిర్మాతల్ని అడగాలన్నాను.

"చూపు పోయిన దగ్గర్నుంచి అందరూ నాకు మంచి కబుర్లే చెప్తన్నారా. కొబ్బరికి తెగులొస్తే రాలేదంటారు. కూర మాడితే మాడలేదంటారు, నాకు వాసన రాదనుకుంటారో ఏంటో. నీకు అక్కడ పనీపాటా లేదు. అది నాకు తెలిస్తే బెంగెట్టుకుంటానని, మీ బావగారూ వీధిలోవాళ్ళూ కూడబలుక్కుని రోజూ నాకు సీరియల్ చెప్తన్నారు."

షూటింగుకి తీసుకెళ్తాను రమ్మన్నాను.

"ఎక్కడో కూర్చోబెట్టి ఇదే షూటింగంటారు. అంబాజీపేట కొబ్బరి మార్కెట్లో కూర్చోబెట్టినా నాకొకటే."

ఎవరేమన్నా ఏదో ఒక వెటకారం అంటించి ఫోను పెట్టెయ్యడం నాకు అలవాటు. ఆ రోజు ఏదీ తోచలేదు. నేను గొప్ప నటుణ్ణా కాదా అన్నది ఆవిడకి పట్టింపు లేదు. తన చెవిదాకా వస్తున్న మాటల్లో నిజం ఏ పాటి ఉందో తెలియాలి. దానికి ఆవిడ ఒప్పుకునే సాక్షి ఒక్కటే, నా గొంతు. అది నా దగ్గర ఉండి కూడా టీవీలోకి వెళ్ళే దారి లేదు.

ప్రొడక్షన్ మేనేజరుని అడిగాను. నా ముక్కలు నేనే చెప్పుకుంటాను, ఊరికే చెబుతాను అన్నాను.

"ఊరికే అంటే యూనియన్ ఊరుకోదు సార్. ఊరికే కాదంటే ప్రొడ్యూసర్ గారు ఊరుకోరు" అన్నాడు. మంచి మనిషి. నాకు టీ తెప్పించాడు.

ఆ తర్వాత ఒక సీరియల్లో కొబ్బరి తోటల ఆసామి దగ్గర గుమాస్తా వేషం వచ్చింది. కథ మా కోనసీమది. తీసింది హైదరాబాదు శివార్లలో, నాలుగు కొబ్బరి కుండీల మధ్య. ఆసామి "దింపు అయిపోయిందా?" అని అడగాలి, కాయలు దింపించడం అయిందా అని. నేను "అయిపోయిందండీ" అనాలి. కెమెరా తిరుగుతుండగా నా నోటికి అలవాటైన మాట వచ్చేసింది. "ఆయ్" అన్నాను. మా వైపు అవునండీ అనడానికి అదే మాట. దర్శకుడికి నచ్చి ఉంచేశాడు.

డబ్బింగ్ ఆర్టిస్టుది మా వైపు కాదు. ఆయనకి తెలిసిన "ఆయ్" వేరు, పొయ్యి మీద చెయ్యి పెట్టబోయే పిల్లాణ్ణి అదిలించేది. ఆయన అలాగే అన్నాడు. గుమాస్తా ఆసామిని అదిలించినట్టయింది. మెత్తగా అనమంటే, కాలికి ముల్లు గుచ్చుకున్నట్టు అన్నాడు. చివరికి ఆయనే, "ఆ గోదారాయన్నే పిలిపించండి, నావల్ల కాదు" అన్నాడట.

వెళ్ళాను. ఒక్క మాట అని వచ్చాను. ఆర్టిస్టు నన్ను బయటిదాకా సాగనంపి, "గురువుగారూ, అందులో అవును ఎక్కడుందండీ?" అని అడిగాడు.

"అవునూ ఉంది, మీరు చెప్పారు కాబట్టి కాదననూ ఉంది, ఇంక నన్ను వెళ్ళనివ్వండీ కూడా ఉంది" అన్నాను. ఆయన ఆలోచనలో పడ్డాడు.

ఈ సంగతి రాజోలుకి చెప్పలేదు. ముందే చెప్పి వినిపిస్తే అదీ కూడబలుక్కున్నట్టే ఉంటుంది. ఆ భాగం వచ్చిన సాయంత్రం బావగారు ఫోన్ చేశారు.

"ఏం చేసేవయ్యా ఈవేళ? నేనింకా నోరే విప్పలేదు. ఫోన్లో కాయ రేటు చూసుకుంటన్నాను. ఈవిడ నా చెయ్యి గట్టిగా పట్టేసుకుని, ఉండండి, వాడే అంది. ఇదిగో."

అక్కయ్య ఫోను అందుకుంది.

"జలుబు ఎన్నాళ్ళ నుంచిరా?"

రికార్డింగు రోజున నా ముక్కు పూర్తిగా మూసుకుపోయి ఉంది. దర్శకుడూ సౌండ్ ఇంజనీరూ పట్టుకోలేదు.

"తగ్గిపోయిందక్కయ్యా. నీకెవరు చెప్పారు?"

"ఎవరు చెప్పాలి? విన్నాను. అయితే వేషాలు నిజంగానే వేస్తన్నావు."

"ఏవో చిన్నవి."

"చిన్నవైతేనేం." తర్వాత అటు తిరిగింది కాబోలు, గొంతు దూరమైంది. "ఏవండీ, పోయినేడు వీడు పోస్ట్‌మ్యాన్ వేషం వేసేడన్నారు చూడండి. ఎలా ఉన్నాడన్నారు?"

"అప్పుడు చెప్పేను కదే."

"అప్పుడు నేను విన్లేదండీ. మీరు కల్పిస్తన్నారనుకుని ఊ కొట్టేను. మళ్ళీ చెప్పండి."

ఫోను పెట్టెయ్యడం ఇద్దరూ మర్చిపోయారు. నేనూ పెట్టలేదు. బావగారు గొంతు సవరించుకుని మొదలుపెట్టారు. ఖాకీ చొక్కా అన్నారు, సైకిలన్నారు, గుమ్మంలో నించున్నాడన్నారు. ఆ గుమ్మంలో నేనున్నది ఎంతసేపో నాకు తెలుసు. ఆయన అంతకంటే బాగా ఎక్కువసేపే నిలబెట్టారు.

"నవ్వేడా?" అని అడిగింది అక్కయ్య.

బావగారు కొంచెం ఆలోచించారు. "లేదే. కొయ్యలా నించున్నాడు. నిజం చెప్పాలంటే ఆ వేషం వాడికి కుదర్లేదు."

"ఆఁ, ఇప్పుడు చెప్తన్నారు" అంది అక్కయ్య, ఎంతో సంతోషంగా.