జీతం అనకండి

2010 ఏప్రిల్‌లో మా ఆఫీసు నాకో పని అప్పగించింది. తూర్పు ఆఫ్రికాలోని ఒక చిన్న దేశం నుంచి ఆరోగ్యశాఖ అధికారి ఒకావిడ, తమ అవసరాలు అమెరికా ప్రభుత్వానికి చెప్పుకోవడానికి వాషింగ్టన్ వస్తున్నారు. ఆవిడను ఎయిర్‌పోర్ట్ నుంచి తీసుకొచ్చిన దగ్గర్నుంచి మీటింగ్ ముగిసేదాకా నేను వెంట ఉండాలి. అప్పటికి నేను సీనియర్ ప్రోగ్రామ్ ఆఫీసర్‌ని. వినడానికి గొప్పగా ఉంటుంది గానీ, మా కంపెనీలో కాస్త జుట్టు నెరిసిన వాళ్లందరం సీనియర్ ప్రోగ్రామ్ ఆఫీసర్లమే.

విదేశీ సాయం అంటే ఒక ప్రభుత్వం ఇంకో ప్రభుత్వానికి చెక్కు రాసి ఇస్తుందని మా బంధువులు చాలామంది అనుకునేవారు. పద్ధతి అది కాదు. ప్రభుత్వ శాఖ నిధులు కేటాయించి టెండర్ పిలుస్తుంది. వాషింగ్టన్ చుట్టుపక్కల ఉన్న మాలాంటి కంపెనీలు పోటీపడి ఆ కాంట్రాక్ట్ దక్కించుకుంటాయి. పేద దేశంలో పని చేయించేది, లెక్క చెప్పేది ఆ కంపెనీలే. అక్కడెక్కడో పల్లెలో నర్సుకి ఒక జత గ్లవ్స్ చేరాలన్నా, వర్జీనియాలో మా అద్దాల బిల్డింగ్‌లో ఎవరో ఒకరు ముందు స్ప్రెడ్‌షీట్ తెరవాల్సిందే. షాంటిలీలో మా ఇంటి నుంచి ఆ బిల్డింగ్‌కి డ్రైవ్ చేసుకుంటూ నేను ఉద్యోగ జీవితంలో సగం గడిపాను.

ఆ ఏడాది సంస్కరణల గాలి బాగా వీస్తోంది. మనం రాసిచ్చింది వాళ్లు అమలు చేయడం కాదు, వాళ్లు అడిగింది మనం చేయాలి అన్నది కొత్త విధానం. 'కంట్రీ ఓనర్‌షిప్' అనేవాళ్లం. ఏ దేశానికి ఆ దేశమే తన అవసరాలు చెప్పుకోవాలి, చెప్పాకే ప్రాజెక్ట్ మంజూరవుతుంది. నేను దాన్ని మనసారా నమ్మాను. గుంటూరు జిల్లాలో ఎలిమెంటరీ స్కూల్లో అమెరికా పాలపొడి కలిపిన పాలు తాగి పెరిగినదాన్ని. ఆ పాలు నాకు పడేవి కావు, తాగిన గంటకల్లా కడుపులో గడబిడ. మీకేం కావాలని అప్పుడు మమ్మల్ని అడిగిన నాథుడు లేడు. ఇన్నాళ్లకి అడుగుతున్నారు కదా అని నిజంగా పొంగిపోయాను.

వచ్చినావిడ పేరు ఎస్తేర్. మొదట్లో పల్లెల్లో కాన్పులు చేసే నర్సు, తర్వాత పై ఉద్యోగాలకు ఎదిగారు. ఎయిర్‌పోర్ట్‌లో నన్ను చూడగానే, "ఇండియానా? హమ్మయ్య, మనవాళ్లే వచ్చారు" అని నా చెయ్యి పట్టుకున్నారు. అప్పటి నుంచి నేను ఆవిడకి 'సిస్టర్'ని. ఆ పనికి నన్నే ఎందుకు ఎంచుకున్నారో అప్పుడు నాకు తట్టలేదు.

కార్లోనే అసలు సంగతి చెప్పారు. వాళ్ల పల్లెల్లో కాన్పు కేంద్రాలు ఉన్నాయి, నర్సులూ ఉన్నారు. జీతాలు మాత్రం నెలల తరబడి రావు. అయితే దాతలు పెట్టే ట్రైనింగ్‌లకు వెళితే రోజుకింత అని భత్యం చేతికిస్తారు. "ట్రైనింగ్ ఉంటేనే వాళ్ల ఇంట్లో పొయ్యి వెలుగుతుంది సిస్టర్. అందుకని ఎప్పుడూ ట్రైనింగ్‌లోనే ఉంటారు. నొప్పులు వచ్చినావిడ వెళ్లేసరికి కేంద్రానికి తాళం ఉంటుంది. నాకు ట్రైనింగ్ వద్దు, బండ్లు వద్దు. నర్సులకి జీతం ఇప్పించండి చాలు" అన్నారు. ఇంత సూటిగా అడిగిన మనిషిని నా సర్వీసులో చూడలేదు.

మర్నాడు మా కాన్ఫరెన్స్ రూమ్‌లో డ్రై రన్. ప్రభుత్వం ముందు ప్రెజెంటేషన్ ఉన్నప్పుడల్లా ముందుగా మాలో మేము ఒక రిహార్సల్ వేసుకునే అలవాటు ఉంది. మా వైస్ ప్రెసిడెంట్ రిచర్డ్ ప్రభుత్వ అధికారిలా ఎదురుగా కూర్చుని అడ్డంగా ప్రశ్నలు వేస్తాడు. ఆయన రిటైరయ్యేదాకా ఆ శాఖలోనే పనిచేసినవాడు కాబట్టి లోగుట్టు అంతా తెలుసు. అది మా కోసం పెట్టుకున్న అలవాటు. ఈసారి దాన్ని అతిథికి పెట్టాం. సాయం అడగడానికి వచ్చిన దేశానికి, సాయం ఎలా అడగాలో మేం నేర్పుతున్నాం. ఇందులో తప్పేముందని మాలో ఒక్కరికీ అనిపించలేదు.

ఎస్తేర్ జీతాల మాట ఎత్తగానే రిచర్డ్ చెయ్యెత్తి ఆపాడు. మర్యాదస్తుడు, గొంతు పెంచడు. ఈ నిధుల్లోంచి పరాయి ప్రభుత్వ ఉద్యోగులకు జీతాలు ఇవ్వడం ఆనవాయితీ లేదని, రేపు మనం తప్పుకుంటే ఎవరిస్తారన్న ప్రశ్న వస్తుందని, ఆ ఒక్క మాటతో మొత్తం ప్రాజెక్టే పక్కకు పోవచ్చని వివరించాడు. "జీతం అనకండి. మోటివేషన్ అనండి" అన్నాడు. ఆయన చెప్పిన కారణంలో నిజం లేకపోలేదు. మినహాయింపు అడిగే దారీ ఒకటి ఉంది గానీ, దానికి చాలాకాలం పడుతుంది, కాంట్రాక్ట్ ఆలస్యమవుతుంది. ఆ సంగతి ఆయన చెప్పలేదు.

ఎస్తేర్ నా వైపు తిరిగారు. నేను ఆవిడ భుజం మీద చెయ్యి వేసి, "ఇక్కడి పద్ధతి ఇంతే సిస్టర్. ముందు ప్రాజెక్ట్ రానివ్వండి, మిగతావి తర్వాత మెల్లగా చూసుకుందాం" అన్నాను. మనవాళ్లు చెప్పారు కాబట్టి ఆవిడ సరేనన్నారు. రిచర్డ్ చెబితే ఒప్పుకునేవారు కాదేమో. నన్ను ఎందుకు ఎంచుకున్నారో అప్పుడు తట్టింది.

సాయంత్రం ఆవిడను భోజనానికి ఇంటికి తీసుకెళ్లాను. గుత్తివంకాయ కూర రెండోసారి వడ్డించుకుని తిన్నారు. మా ఆయన రమణారావుకి ఐటీ ఉద్యోగం. మా పని అంటే ఎప్పుడూ వేళాకోళమే. ఆవిడ చేతులు కడుక్కోవడానికి లేచినప్పుడు తెలుగులో, "ఏంటి, అప్పనంగా ఇచ్చేదానికి కూడా ఇంటర్వ్యూ ప్రిపరేషనా? మా హెచ్‌-వన్ పిల్లలకు రెజ్యూమె కోచింగ్ ఇచ్చేవాళ్లు కూడా ఇంత చెయ్యరు" అన్నారు.

"మీకు తెలియదు లెండి, ప్రొసీజర్ ఉంటుంది" అన్నాను.

"సరేలే. మరి ఆవిడకి కావాల్సింది ఆవిడే డైరెక్ట్‌గా అడిగితే ఏమవుద్ది?"

పెరుగు గిన్నె ఆయన ముందుకు తోశాను. ఎస్తేర్ వచ్చి మళ్లీ కూర్చుని, తెలుగు తెలియక, మా ఇద్దరినీ చూసి నవ్వారు.

ప్రెజెంటేషన్ రోజు హాలు నిండింది. ఎస్తేర్ తడుముకోకుండా మాట్లాడారు. మేం చెప్పినట్టే మోటివేషన్ అన్నారు. అంతా అయ్యాక ప్రభుత్వం తరఫున వచ్చిన పెద్ద అధికారి, కళ్లజోడు పెట్టుకున్న పెద్దావిడ, కాగితాలు పక్కన పెట్టేసి ఎస్తేర్‌నే చూస్తూ, "మోటివేషన్ అన్నారు. అంటే ఏమిటి? అక్కడి నర్సుకి నిజంగా ఏం కావాలి?" అని అడిగారు.

రిచర్డ్ ఎన్ని అడ్డ ప్రశ్నలు వేసినా ఈ ప్రశ్న వేయలేదు. ఈ పెద్దావిడ మాత్రం తెలుసుకోవాలనే అడిగారు. ఉన్నమాట చెప్పడానికి తలుపు తెరిచి పట్టుకున్నట్టే. ఎస్తేర్ ముందు రిచర్డ్‌ని చూశారు, తర్వాత నన్ను. నేను చిన్నగా తల ఊపి ఉంటే చెప్పేసేవారు. నేను నా ముందున్న మంచినీళ్ల గ్లాసును చూస్తూ కూర్చున్నాను.

"ట్రైనింగ్" అన్నారు ఎస్తేర్.

హాలంతా తలలూపింది. పెద్దావిడ 'ట్రైనింగ్' అని రాసుకున్నారు. చప్పట్లు కొడుతుంటే నాకు తల కొట్టేసినట్టయింది. అయినా నేనూ కొట్టాను.

ప్రాజెక్ట్ వచ్చింది. ట్రైనింగ్‌లే ట్రైనింగ్‌లు. ఇంతమందికి ఇవ్వాలని పెట్టుకున్న టార్గెట్ మొదటి ఏడాదే దాటేస్తే ఆఫీసులో కేక్ కట్ చేశారు. ఆ వారమే ఎస్తేర్ ఫోన్. ఒక గర్భిణి కాన్పు కేంద్రం అరుగు మీదే ప్రసవించిందనీ, బిడ్డ దక్కలేదనీ, నర్సు మా ట్రైనింగ్‌లో ఉందనీ చెప్పారు. గొంతులో కోపం లేదు. "తర్వాత చూద్దాం అన్నారు కదా సిస్టర్, ఇప్పుడు అడగొచ్చా?" అన్నారు. ఆ ప్రశ్న వింటుంటే సిగ్గుతో చచ్చిపోయాను. ఫోన్ పట్టుకుని రిచర్డ్ గదిలోకి వెళ్లాను. ఆయన నిజంగానే బాధపడ్డాడు. తర్వాతి దశ ప్రతిపాదనలో తప్పకుండా చూద్దామన్నాడు. మినహాయింపు అడుగుతూ మెమో నేను రాశాను. అది పైకి వెళ్లింది, కిందికి రాలేదు. మా కంపెనీకి తర్వాతి దశ కాంట్రాక్ట్ మాత్రం వచ్చింది. ఆ ప్రెజెంటేషన్‌ను కంట్రీ ఓనర్‌షిప్‌కి మంచి ఉదాహరణగా వేరే దేశాల వాళ్లకి కూడా చూపించేవాళ్లం. రెండుసార్లు నేనే చూపించాను.

2014లో, నేను రిటైరయ్యే ముందు ఏడాది, ఎస్తేర్ మళ్లీ వచ్చారు. ఈసారి డైరెక్టర్ హోదాలో, చేతికింద ఒక చిన్న బృందంతో. మళ్లీ అదే కాన్ఫరెన్స్ రూమ్, అదే డ్రై రన్. రిచర్డ్ అప్పటికి వెళ్లిపోయాడు. ఆయన కుర్చీలో నేనే కూర్చున్నాను. ఈసారి ఏ మాటా ఆపకూడదని ముందే అనుకున్నాను. జీతాల సంగతి వస్తే పూర్తిగా చెప్పనిచ్చి, మినహాయింపు దారి కూడా చెప్పాలని కాగితం సిద్ధం చేసుకున్నాను.

బృందంలో ఒకమ్మాయి లేచింది. ఆమె కూడా నర్సు ఉద్యోగం నుంచే వచ్చింది. "మా నర్సులకి జీతాలు..." అని మొదలుపెట్టింది. ఆపిన గొంతు నాది కాదు.

"జీతం అనకు. మోటివేషన్ అను" అన్నారు ఎస్తేర్, మర్యాదగా, గొంతు పెంచకుండా.

నేను అడ్డుపడి, అనొచ్చు, దానికో దారి ఉంది అని చెప్పబోయాను. ఎస్తేర్ పెద్దరికంతో తల అడ్డంగా ఊపారు. "వద్దు సిస్టర్. ప్రాజెక్ట్ పోతుంది. మాకు అర్థమైంది." తర్వాత ఆ అమ్మాయికి నన్ను చూపించి, "ఇక్కడ ఎలా మాట్లాడాలో నాకు నేర్పింది ఈవిడే" అన్నారు. వెటకారం లేదు, ఎత్తిపొడుపు లేదు. గురువుని పరిచయం చేసినట్టు చెప్పారు. ఆ అమ్మాయి నాకు గౌరవంగా తల వంచి నమస్కరించింది. మొహం ఎక్కడ పెట్టుకోవాలో నాకు తెలియలేదు.

అన్నేళ్లలో మేం ఇచ్చిన ట్రైనింగ్‌లలో ఒంటబట్టింది అదొక్కటే.

ఇప్పుడు షాంటిలీలో గుడి దగ్గరో, గ్రోసరీ షాపులోనో, ఈ రంగంలోకి వెళతామనే పిల్లలు, "ఆంటీ, ఎయిడ్ రిఫార్మ్ మీద ఒక అడ్వైస్ ఇవ్వండి" అంటుంటారు. పెద్ద సిద్ధాంతాలేం చెప్పను. అడగడానికి వచ్చినవాళ్లకు రిహార్సల్ పెట్టకండి అంటాను. తడబడితే తడబడనివ్వండి. జీతం అంటే అననివ్వండి.